కోర్టు అడిగిన లెక్క మా బీరువాలోనే ఉంది

రోస్టర్ రిజిస్టర్‌ని అంటే ఏ పోస్టు ఏ వర్గం వాటానో రాసే పుస్తకాన్ని, ప్రభుత్వాఫీసుల్లో పనిచేసేవాళ్లలో కూడా సగంమంది కళ్లతో చూసి ఉండరు. ప్రమోషన్ల కాలం వస్తే మాత్రం దాని పేరు అందరి నోటా నలుగుతుంది. పొడవాటి లెడ్జరు, గట్టి అట్ట, వెన్నుకి ఎర్ర గుడ్డ. ఎస్టాబ్లిష్‌మెంట్ సెక్షన్‌లో తాళం వేసే బీరువాలో, సర్వీసు రిజిస్టర్ల పక్కన దాని చోటు. ఒక్కో క్యాడర్‌కి (అంటే ఒకే హోదా పోస్టుల సముదాయానికి) కొన్ని పేజీలు. ఎడమవైపు 1 నుంచి 100 దాకా అంకెలు, వాటినే పాయింట్లంటాం. ఆ అంకె ఎవరి వాటానో ఒక గడి, అందులోకి ఎవరొచ్చారో ఇంకో గడి, ఆపైన ఉత్తర్వు నంబరు, తేదీ, చివర్న ఆఫీసరు సంతకం. 2, 7, 16, 22, 27 ఎస్సీలవి. 8, 25, 33 ఎస్టీలవి. నా సర్వీసు రోజుల్లో ఇలా నూటికి ఎస్సీలకు 15, ఎస్టీలకు 6. నా 34 ఏళ్ల సర్వీసులో దాదాపు పద్దెనిమిదేళ్లు ఈ పుస్తకం నా చేతిలో ఉంది. అందులో చాలా గడులు నా చేతిరాతే.

ప్రమోషన్లలో రిజర్వేషన్ మీద ఎవరేం రాసినా చదువుతాను. రాజ్యాంగం దగ్గర మొదలుపెట్టి ప్రతిభ దగ్గర ఆగిపోతారు. ఆఫీసులో ప్రమోషన్ అనేది అసలెలా జరుగుతుందో, ఆ కాగితం ఎవరి బల్ల మీద ఎన్నాళ్లు కూర్చుంటుందో ఎవరూ చెప్పరు. అది నాకు తెలుసు కాబట్టి రాస్తున్నాను.

మాది చీరాల దగ్గర నేత కుటుంబం. పద్మశాలీలం, బీసీ-బీ. నాన్న మగ్గం గుంటలో కాళ్లు పెట్టి కూర్చుంటే రాత్రికే లేచేవాడు. 1987లో నేను జూనియర్ అసిస్టెంట్‌గా చేరింది బీసీ కోటాలోనే. అది దాచుకోవలసిన సంగతని నాకెప్పుడూ అనిపించలేదు. అంటే మొదటి మెట్టు దగ్గర నాకు రిజర్వేషన్ ఉంది, రెండో మెట్టు నుంచి లేదు. రాజ్యాంగంలో ప్రమోషన్ల గురించి చెప్పే 16(4ఏ)లో ఎస్సీలు, ఎస్టీలు మాత్రమే ఉన్నారు. మాలాంటివాళ్లం ఈ గొడవలో రెండు గట్లకూ చెందుతాం. ఉద్యోగంలో చేరేటప్పుడు రిజర్వేషన్ న్యాయమంటాం, పదేళ్లు తిరక్కుండానే అన్యాయమంటాం. నేనూ అన్నాను.

2003 ఫిబ్రవరి 14న ఉమ్మడి రాష్ట్రంలో సాంఘిక సంక్షేమ శాఖ జీవో 5 ఇచ్చింది. అయిదు కంటే ఎక్కువ పోస్టులున్న ప్రతి క్యాడర్‌లోనూ ప్రమోషన్లలో ఎస్సీ, ఎస్టీలకు రిజర్వేషన్ అమలు చేయాలన్నది దాని సారాంశం. మరుసటి ఏడాది మా జిల్లా ఆఫీసులో సూపరింటెండెంట్ పోస్టు ఖాళీ అయింది. సీనియారిటీ లిస్టులో పైన నా పేరు ఉంది. రోస్టర్ పాయింటు చూస్తే 7, ఎస్సీలది. లిస్టులో నాకంటే పదకొండు పేర్ల కింద ఉన్న ఒకామె, నా తర్వాత ఆరేళ్లకు సర్వీసులో చేరినావిడ, ఆ కుర్చీలో కూర్చుంది. నాకు మళ్లీ వంతు 2007లో వచ్చింది. ఆ మూడేళ్లూ నా ఫైళ్లు ఆమె బల్ల మీదుగానే వెళ్లాయి.

ఆ కష్టం ఎలా ఉంటుందో నాకు తెలుసు కాబట్టి దాన్ని తేలిక చేసి మాట్లాడను. నిన్నటిదాకా ఆమె నన్ను 'సార్' అనేది, నేను పేరు పెట్టి 'అమ్మా' అనేవాణ్ణి. ఇప్పుడేమని పిలవాలి? నెలరోజుల పాటు ఏ పిలుపూ లేకుండా మాట్లాడాను. తెలుగులో అది కుదురుతుంది. "ఈ ఫైలు చూడాలి", "సంతకం కావాలి" అంటే సరిపోతుంది. ఆమె మాత్రం నన్ను 'సార్' అనడం మానలేదు. ఇంట్లో నా భార్య అడిగితే ప్యానెల్, అంటే ప్రమోషన్ల జాబితా, వాయిదా పడిందని అబద్ధం చెప్పాను. ట్రిబ్యునల్‌లో కేసు వేస్తున్నామని మావాళ్లు చందా పోగుచేస్తే 500 రూపాయలిచ్చాను. ఆ రసీదు చాలాకాలం పర్సులో ఉండిపోయింది.

డబ్బు పరంగా నాకు పెద్దగా పోయిందేమీ లేదు. మన దగ్గర ఆటోమేటిక్ అడ్వాన్స్‌మెంట్ స్కీమ్ ఉండేది. అప్పట్లో ఒకే పోస్టులో 8 ఏళ్లు నిండితే ప్రమోషన్ లేకపోయినా పై స్కేలు వచ్చేది. నాకు సీనియర్ అసిస్టెంట్‌గా 8 ఏళ్లు అంతకుముందే నిండాయి. కాబట్టి పోయింది కుర్చీ, బల్ల మీద పేరు చెక్క, అటెండరు లేచి నిలబడే మర్యాద. ఇవి చిన్నవని అనను. మనిషి ముప్పై ఏళ్లు ఒకే ఆఫీసులో ఉంటే అతని ప్రపంచమంతా అవే. అయితే ఇవి ఎంత పెద్దవో ఒప్పుకున్నాక ఇంకో మాట కూడా ఒప్పుకోవాలి కదా. తరతరాలుగా ఆ కుర్చీ దరిదాపులకు రానివ్వనివాళ్లకు అది ఇంకెంత పెద్దదై ఉండాలి?

మావాళ్లు ఆ రోజుల్లో ఎక్కువగా అన్న మాట 'ప్రతిభ'. మా మెట్లలో ప్రమోషన్ ఎలా వస్తుందో వరసగా చెబుతాను. సర్వీసులో చేరిన తేదీ ముందు ఉండాలి. అకౌంట్స్ టెస్టు, డిపార్ట్‌మెంటల్ టెస్టు పాసై ఉండాలి. ఛార్జి మెమో పెండింగులో ఉండకూడదు. కాన్ఫిడెన్షియల్ రిపోర్టులో పై ఆఫీసరు చెడుగా రాసి ఉండకూడదు. సెప్టెంబరు 1 నుంచి ఆగస్టు 31 దాకా ప్యానెల్ ఇయరు. డీపీసీ, అంటే శాఖలో ప్రమోషన్లు తేల్చే కమిటీ, కూర్చుని లిస్టు మీద పైనుంచి కిందికి టిక్కులు పెడుతుంది. సీనియారిటీ-కమ్-ఫిట్‌నెస్ అంటారు దీన్ని. అంటే వరసలో ముందున్నవాడు అనర్హుడు కాకపోతే చాలు. బాగా పనిచేశాడని నంబరు దాటించి ఎవర్నైనా పైకి తీసుకెళ్లడం నా 34 ఏళ్లలో నేను చూడలేదు. మా జిల్లాలో అందరికంటే గొప్పగా డ్రాఫ్టు రాసే సీనియర్ అసిస్టెంటు ఒకాయన ఉండేవారు. నంబరు వెనకుండి అక్కడే రిటైరయ్యారు. ఆయనకోసం ఎవరూ ట్రిబ్యునల్‌కి వెళ్లలేదు. ప్రతిభ అన్న మాట మాకు రోస్టర్ పాయింటు వచ్చినప్పుడే గుర్తొచ్చేది.

మిగిలింది వరస. ఆ వరస ఎప్పుడు మొదలైంది, మొదట్లో అందులో ఎవరున్నారు? 1987లో నేను చేరినప్పటి సీనియారిటీ లిస్టు స్టెన్సిల్ కాపీ చాలాకాలం నా దగ్గర ఉండేది. మొదటి పేజీలో ఎస్సీ పేరు ఒక్కటీ లేదు. రిజర్వేషన్ అప్పటికే దశాబ్దాలుగా ఉంది, అయినా లేదు. ఎందుకంటే చేరిక దగ్గర పోస్టులు నిండలేదు. తర్వాతెప్పుడో ప్రత్యేక నియామకాల్లో వాళ్లు వచ్చారు. వచ్చినప్పుడు లిస్టు అడుగున చేరారు. అడుగున చేరినవాళ్లు పైకి రావాలంటే పైనున్నవాళ్లందరూ రిటైరవ్వాలి. ఈలోగా వీళ్లూ రిటైరవుతారు. సీనియారిటీకి కులం లేదంటారు. నా దగ్గరున్న లిస్టులో మాత్రం ఉంది. ఎవరి తాత చదువుకున్నాడో వాళ్ల నంబరు ముందుంది.

ఈ సంగతి సుప్రీంకోర్టుకి తెలియనిది కాదు. 1961లో దక్షిణ రైల్వే కేసులో, రిజర్వేషన్ ప్రమోషన్లకూ వర్తిస్తుందనే చెప్పింది. 1975లో కేరళ గుమాస్తాల కేసు వచ్చింది. ప్రమోషన్‌కి కావలసిన టెస్టు పాసవడానికి ఎస్సీ, ఎస్టీలకు గడువు పెంచడం సరైనదేనని ఏడుగురు జడ్జీల బెంచిలో ఎక్కువమంది అన్నారు. మాలాంటి లోయర్ డివిజన్ క్లర్కుల కేసు అది. దేశంలో సమానత్వం గురించి పెద్ద తీర్పుల్లో ఒకటి గుమాస్తా బల్ల దగ్గర పుట్టిందంటే నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే. ఆ తర్వాత 1992 నవంబర్ 16న మండల్ కేసు తీర్పు వచ్చింది. అందులో ప్రధాన తీర్పు రాసింది తెలుగువారైన జస్టిస్ బి.పి. జీవన్ రెడ్డి. చేరిక దగ్గరే రిజర్వేషన్, ప్రమోషన్లలో కుదరదు, ఇప్పుడున్నవి అయిదేళ్లు సాగనివ్వండి అన్నారు. దాంతో పార్లమెంటు 1995లో 77వ సవరణ చేసి 16(4ఏ) చేర్చింది.

అక్కడితో ఆగలేదు. 'క్యాచప్' అని కొత్త చిక్కు మొదలైంది. అదేంటో మా ఆఫీసు లెక్కలోనే చెబుతాను. ఆమె 2004లో సూపరింటెండెంట్ అయింది, నేను 2007లో అయ్యాను. క్యాచప్ ప్రకారం నేను రాగానే మళ్లీ ఆమెకంటే సీనియర్ని. ఆ కుర్చీలో ఆమె మూడేళ్లు చేసిన పని లెక్కలోకి రాదు. పై మెట్టుకి వెళ్లేటప్పుడు ఆమె మళ్లీ నా వెనక నిలబడాలి. 1995 నుంచి 1999 దాకా వచ్చిన తీర్పులు చాలావరకు ఇలాగే సాగాయి. 2001లో 85వ సవరణతో పార్లమెంటు దీన్ని తీసేసింది. రోస్టర్ మీద ముందు ప్రమోషన్ పొందినవాళ్లకు ఆ పోస్టులో సీనియారిటీ కూడా ఉంటుందని, అది 1995 జూన్ 17 నుంచే అమలవుతుందని చెప్పింది. మా ఆఫీసుల్లో రక్తపోటు పెంచింది ఈ 85వ సవరణే. దీనివల్ల ఒక్కోచోట చిన్నవయసులోనే పైదాకా వెళ్లినవాళ్లున్నారు, నిజమే. అది లేకపోతే మాత్రం ప్రతి మెట్టు మీదా కాసేపు కూర్చోబెట్టి లేపేసే వ్యవహారం అవుతుంది.

2006 అక్టోబర్ 19. నాగరాజ్ కేసు. ఈ తేదీ దగ్గర నేను ఎక్కువసేపు ఆగాలి, నా బీరువా కథ ఇక్కడే మొదలవుతుంది. అయిదుగురు జడ్జీల బెంచి సవరణలన్నీ చెల్లుతాయంది. అయితే ప్రభుత్వం ప్రమోషన్లలో రిజర్వేషన్ ఇవ్వాలనుకుంటే వెనుకబాటుతనం, తగిన ప్రాతినిధ్యం లేకపోవడం, ఈ రెంటికీ కొలవగలిగిన లెక్కలు చూపించాలి, పాలనా సామర్థ్యం దెబ్బతినకూడదు అంది. 2018 సెప్టెంబర్ 26న జర్నైల్ సింగ్ తీర్పులో, ఎస్సీ ఎస్టీల వెనుకబాటుతనాన్ని మళ్లీ రుజువు చేయనక్కర్లేదు, ప్రాతినిధ్యం లెక్కలు మాత్రం కావాలి అన్నారు. 2022 జనవరి 28న మరింత విడమరిచారు: లెక్క తీయాల్సింది శాఖ మొత్తానికో గ్రూపు మొత్తానికో కాదు, క్యాడర్‌వారీగా తీయాలి, అప్పుడప్పుడూ తిరిగి చూసుకోవాలి.

క్యాడర్‌వారీగా అన్న మాట పేపర్లో చదివిన రోజు నేను రిటైరై ఇంట్లో ఉన్నాను. చదివి చాలాసేపు అలాగే కూర్చున్నాను. రోస్టర్ రిజిస్టర్ కట్టేది క్యాడర్‌వారీగానే. ఒక క్యాడర్‌లో మంజూరైన పోస్టులెన్ని, పనిచేస్తున్నవాళ్లెవరు, వాళ్లలో ఎస్సీలెందరు, ఎస్టీలెందరు, ఏ పాయింటు ఎన్నేళ్లుగా నిండలేదు, ఎందుకు నిండలేదు, ఇవన్నీ అందులో ఉన్నాయి. ఏళ్ల తరబడి కోర్టు అడుగుతున్న లెక్క ప్రతి జిల్లా ఆఫీసు బీరువాలోనూ ఉంది. నా సర్వీసులో ఈ వివరాలు పంపమని మా ఆఫీసుకు రెండుసార్లు ప్రొఫార్మా వచ్చింది. రెండుసార్లూ 'అత్యంత అవసరం' అని ముద్ర ఉంది. రెండుసార్లూ రాత్రి తొమ్మిదింటిదాకా కూర్చుని నింపి పంపాం. అందినట్టు జవాబు కూడా రాలేదు.

లెక్క తీయడం అసాధ్యమా అంటే పక్క రాష్ట్రాన్ని చూడండి. 2017 ఫిబ్రవరి 9న బి.కె. పవిత్ర కేసులో కర్ణాటక చట్టాన్ని లెక్కలు లేవని సుప్రీంకోర్టు కొట్టేసింది. ఆ మార్చిలో అక్కడి ప్రభుత్వం అదనపు ప్రధాన కార్యదర్శి రత్నప్రభకు ఈ పని అప్పగించింది. మే మొదట్లో నివేదిక వచ్చేసింది. నెలన్నర పని. దాని మీద 2018లో కొత్త చట్టం చేశారు. 2019 మే 10న సుప్రీంకోర్టు దాన్ని నిలబెట్టింది. అదే ఉత్తరప్రదేశ్‌లో లెక్క తీయలేదు, 2012 ఏప్రిల్‌లో ఓడిపోయారు. ఆ ఏడాది సెప్టెంబరులో కేంద్రం మళ్లీ రాజ్యాంగాన్నే సవరిద్దామని బిల్లు తెచ్చింది. డిసెంబరులో రాజ్యసభలో 206 మంది అవునన్నారు, 10 మంది కాదన్నారు. లోక్‌సభలో మంత్రి చేతిలోంచి కాగితం లాక్కున్నారు. ఆ బిల్లు అక్కడే మురిగిపోయింది. నెలన్నర కూర్చుని కూడితే అయిపోయే పనికి రాజ్యాంగ సవరణ దాకా వెళ్లారు.

తెలంగాణ ప్రభుత్వం 2024 చివర్లో ఇంటింటికీ మనిషిని పంపి 3.54 కోట్లమంది కులం, చదువు, ఉద్యోగం అన్నీ రాయించింది. 2025 ఫిబ్రవరిలో అసెంబ్లీలో పెట్టింది. ఎస్సీలు 17.43 శాతం, ఎస్టీలు 10.45 శాతం అని తేలింది. నేను దాన్ని మెచ్చుకుంటున్నాను. బంజారా తండాలో గడప గడపా ఎక్కి లెక్క రాయగలిగిన ప్రభుత్వాలకు తమ ఆఫీసుల్లో తాళం తీస్తే దొరికే లెక్క ఎందుకు బరువవుతుంది? నాకు తెలిసిన జవాబు ఒకటే. లెక్క బయటపడితే ఖాళీ గడులు కనిపిస్తాయి. వాటి పక్కన మాలాంటివాళ్ల సంతకాలు కూడా కనిపిస్తాయి.

గడులు ఎలా ఖాళీగా మిగులుతాయో చెప్పాలి. చేసినవాళ్లలో నేనూ ఉన్నాను కాబట్టి చెప్పే హక్కుంది. పాయింటు ఎస్సీదని తెలిశాక పోస్టుని ఖాళీగా చూపించకుండా ఇంకొకరికి ఎఫ్ఏసీ, అంటే పూర్తి అదనపు బాధ్యత, ఇచ్చి నడిపించడం ఒక దారి. అదనపు బాధ్యత అంటే నియామకం కాదు, రోస్టర్ కదలదు, ఏళ్లు గడిచిపోతాయి. అర్హుడైనవాడు మరో ఎనిమిది నెలల్లో రిటైరవుతాడంటే డీపీసీని తొమ్మిది నెలలు వాయిదా వేయడం ఇంకో దారి. కాన్ఫిడెన్షియల్ రిపోర్టు (సీఆర్) అందలేదని ఫైలు వెనక్కి పంపడం మూడోది. ఆ సీఆర్ రాయాల్సింది మనమే. ఇవన్నీ చిన్నవి. నేను విన్నవాటిలో పెద్దది, ఒక ఆఫీసులో క్యాడర్‌ని యూనిట్లుగా చీల్చి ఒక్కోదాంట్లో అయిదేసి పోస్టులు ఉంచారట. జీవో 5 వర్తించేది అయిదు దాటితేనే కదా. ఈ పనులేవీ చట్టవిరుద్ధమని ఎవరూ నిరూపించలేరు. ప్రతి కాగితానికీ కారణం రాసి ఉంటుంది. చక్కని నోట్ ఫైలు.

రెండో గట్టు మీదివాళ్లకు, అంటే ప్రమోషన్లలో రిజర్వేషన్ లేనివాళ్లకు కూడా న్యాయమైన ఫిర్యాదు ఒకటుంది. అది కూడా రిజిస్టర్ సరిగా కట్టకపోవడంలోంచే వచ్చింది. పది పోస్టులున్న క్యాడర్ తీసుకోండి. 2, 7, 8 పాయింట్లు అందులోనే పడతాయి. పదికి మూడు. నూటికి 21 అన్న వాటా ఇక్కడ 30 అయింది. క్యాడర్ చిన్నదైతే ఇలాంటి తేడాలు వస్తాయి. వాటా హద్దు దాటకూడదనే 1995లో సబర్వాల్ కేసులో కోర్టు, రోస్టర్‌ని ఖాళీల మీద కాకుండా పోస్టుల మీద లెక్కించండి, ఒకసారి వాటా నిండాక ఎవరు దిగితే వాళ్ల వర్గంవారినే ఎక్కించండి అంది. చాలా ఆఫీసుల్లో గుమాస్తాలకు ఇది అర్థం కాలేదు. అర్థమయ్యేలా చెప్పినవాళ్లూ లేరు. ఒకచోట రెండోసారి 1 నుంచి మొదలుపెట్టారు, ఇంకోచోట అసలు ఆపేశారు. ఓసీ ఉద్యోగి "మాకు అన్యాయం జరిగింది" అంటే, ఎస్సీ ఉద్యోగి "మా పాయింటు మింగేశారు" అంటే, కొన్నిసార్లు ఇద్దరి మాటా నిజమే. ఇద్దరూ కోర్టుకి వెళ్తారు. స్టే వస్తుంది. అందరికీ అడహాక్ ప్రమోషన్లు. రివర్షన్, అంటే మళ్లీ కింది పోస్టుకి దింపేస్తారన్న భయంతోనే రిటైరవుతారు. నిజం తేల్చే పుస్తకం బీరువాలో ఉంటుంది.

పాలనా సామర్థ్యం మాట కూడా చూద్దాం. రాజ్యాంగం 335లో ఆ మాట ఉంది, దాన్ని తోసిపుచ్చనక్కర్లేదు. రైల్వేల్లో పై ఆఫీసర్ల గ్రూప్-ఎ నుంచి అప్పట్లో అట్టడుగున ఉన్న గ్రూప్-డి దాకా అన్నిట్లోనూ రిజర్వేషన్ దశాబ్దాలపాటు అమలైంది. అశ్విని దేశ్‌పాండే, థామస్ వైస్‌కాఫ్ అనే ఇద్దరు ఆర్థికవేత్తలు 1980 నుంచి 2002 దాకా రైల్వే జోన్ల ఉత్పాదకత లెక్కలు తీసి 2014లో ప్రచురించారు. ఎస్సీ, ఎస్టీ ఉద్యోగుల వాటా పెరగడం వల్ల ఉత్పాదకత తగ్గిందనడానికి ఆధారం దొరకలేదన్నారు. పై గ్రూపుల్లో వాళ్లు ఎక్కువగా ఉన్నచోట కొంత మెరుగుదల సూచనలు కూడా కనిపించాయన్నారు. నాకు ఇలాంటి లెక్కల కంటే ఒక ఫైలు బాగా గుర్తుంది.

2005లో. నైట్ వాచ్‌మన్ ఒకతను సర్వీసులో ఉండగా చనిపోయాడు. భార్య కారుణ్య నియామకానికి అర్జీ పెట్టింది. కుటుంబంలో సంపాదనపరులు లేరన్న సర్టిఫికెట్ జతచేయలేదు. నేను మెమో పంపాను. జవాబు లేదు. మళ్లీ పంపాను. మూడోసారి 'అర్జీదారు స్పందించనందున ఫైలు మూసివేయవచ్చు' అని నోటు రాసి మేడమ్ బల్ల మీద పెట్టాను. అప్పటికి సూపరింటెండెంట్ కుర్చీలోని ఆమెని మేడమ్ అనడం మొదలుపెట్టాను. ఆమె అర్జీ చివరి పేజీ తిప్పి చూసి నన్ను పిలిచింది.

"ఈవిడ వేలిముద్ర వేసింది సార్. మనం పంపిన మెమో ఆవిడకి చదివి చెప్పిందెవరు?"

నా దగ్గర జవాబు లేదు. ఆ ఊరివైపు వెళ్లే అటెండరు చేతికి, ఎమ్మార్వో దగ్గర ఏ కాగితం అడగాలో ఒక్క వాక్యం రాసిచ్చి పంపింది. సర్టిఫికెట్ వచ్చింది, ఉద్యోగమూ వచ్చింది. కులం వల్లే ఆమెకి ఆ ప్రశ్న తట్టిందని నేననను. మా అమ్మదీ వేలిముద్రే. చీరాల సొసైటీ కాగితాల మీద అమ్మ బొటనవేలు పట్టుకుని నొక్కించింది నేనే. నాకు తట్టాల్సిన ప్రశ్న అది. పద్దెనిమిదేళ్లు బల్ల ఇవతల కూర్చుని మర్చిపోయాను. ఆమె మర్చిపోలేదు. ఫైలు మీద ఎవరి చూపు పడుతుందనేది కూడా పాలనా సామర్థ్యమే అయితే, మా సెక్షన్‌లో అది ఆ ఏడాది పెరిగింది. నేను చందా ఇచ్చిన కేసు గెలిచి ఉంటే ఆ ఫైలు మూతపడేది. అది తలుచుకున్న రోజు పర్సులోంచి ఆ రసీదు తీసేశాను.

పైకి వెళ్లేకొద్దీ ఆ చూపు కరువైపోతుంది. 2019లో పార్లమెంటుకిచ్చిన లెక్క ప్రకారం కేంద్రంలో 89 మంది కార్యదర్శులుంటే ఎస్సీ ఒక్కరు, ఎస్టీలు ముగ్గురు. కేంద్రంలో గ్రూప్-ఎ మొదటి మెట్టు దాటాక సెలెక్షన్ మీద వచ్చే ప్రమోషన్లలో రిజర్వేషన్ లేదు. ఎక్కడ ఆగుతుందో అక్కడే మనుషులు పలచబడటం చూస్తే, పాయింటు లేకపోతే ఏమవుతుందో ఊహించనక్కర్లేదు.

2020 ఫిబ్రవరి 7న ఉత్తరాఖండ్ కేసులో వచ్చిన తీర్పుతో నాకు గట్టి పేచీ ఉంది. ప్రమోషన్లలో రిజర్వేషన్ అడగడం ప్రాథమిక హక్కు కాదు, ప్రభుత్వం ఇవ్వకూడదనుకుంటే లెక్కలు చూపించనక్కర్లేదు అన్నారు. ఇస్తే లెక్క కావాలి, ఇవ్వకపోతే అక్కర్లేదు. గుమాస్తాగా చెబుతున్నాను, ఇలాంటి నియమం చేతిలో ఉంటే ఏ ఆఫీసరూ లెక్క తీయమనడు. పని చేస్తే సంజాయిషీ అడుగుతారు, చేయకపోతే ఎవరూ అడగరంటే ఫైలు ఎటు పోతుందో మా సెక్షన్‌లో కొత్తగా చేరిన కుర్రాడు కూడా చెబుతాడు. ఇవ్వకూడదనుకున్నా సరే, ఈ క్యాడర్‌లో ప్రాతినిధ్యం సరిపోయిందని లెక్క చూపించి మానుకోమనాలి.

ఎస్సీ ఎస్టీల ప్రమోషన్లకు కూడా క్రీమీలేయర్ పెట్టవచ్చని, అంటే వాళ్లలో పైకొచ్చినవాళ్లను పక్కన పెట్టవచ్చని 2018లో సుప్రీంకోర్టు అంది. మా బీసీలకు క్రీమీలేయర్ తేల్చేటప్పుడు ఉద్యోగుల పిల్లలైతే తల్లిదండ్రుల హోదా చూస్తారు. ప్రమోషన్‌కి నిలబడ్డవాళ్లకు సొంత హోదానే కొలబద్ద చేస్తే, మెట్టు ఎక్కినందుకే పై మెట్టుకి అనర్హులవుతారు. ఇది నాకు మింగుడుపడదు. ఎస్సీల వాటాని ఉపకులాలవారీగా పంచే వర్గీకరణ విషయం వేరు. మాదిగల మాట నేను చిన్నప్పటి నుంచి మా ప్రకాశం జిల్లాలోనే విన్నాను. దండోరా 1994లో పుట్టింది మా జిల్లా ఈదుమూడిలోనే. 2024 ఆగస్టు 1న సుప్రీంకోర్టు వర్గీకరణ కుదురుతుందంది. చేరిక దగ్గర సరిగా పంచితే ముప్పై ఏళ్లకి పైమెట్టు మీద కూడా ఆ వాటా కనబడుతుంది. ఇక బీసీలకు ప్రమోషన్లలో లేదు కదా, వాళ్లకెందుకు అనే మాట మా యూనియన్ మీటింగుల్లో నేనూ అన్నాను. ఇప్పుడైతే మాకూ క్యాడర్‌వారీగా లెక్క తీయమంటాను. వాళ్లది తీసేయమని అడిగితే మాకు వచ్చేదేమీ లేదు.

2021లో ఛార్జి అప్పగించేటప్పుడు, నా తర్వాత ఆ సీటులోకి వచ్చిన అమ్మాయికి రిజిస్టర్లు ఒక్కొక్కటే చూపించాను. సీనియర్ అసిస్టెంట్ క్యాడర్ పేజీ దగ్గర ఆగింది. 8వ పాయింటు, ఎస్టీ. ఎదురుగా గడిలో 'అర్హులు లేరు', కింద తేదీ. దాని కింద మరుసటి ఏడాది మళ్లీ అదే. మూడు వరసలు. అన్నీ నా చేతిరాత.

"నిజంగా ఎవరూ లేరా సార్, వెతకలేదా?" అంది.

ఫీడర్ క్యాడర్‌లో అంటే ప్రమోషన్‌కి మనుషులొచ్చే కింది మెట్టులో, ఎస్టీలు ఒక్కరూ లేరమ్మా అన్నాను. ఆమె బీరువాలోంచి జూనియర్ అసిస్టెంట్ల రోస్టర్ తీసింది. నేరుగా నియామకం జరిగే క్యాడర్ అది. దాంట్లోనూ 8 ఖాళీ. పక్కన 'బ్యాక్‌లాగ్' అని, 1998 నాటి తేదీతో, నాకంటే ముందు పనిచేసినాయన సంతకం. 25 ఖాళీ. ఇద్దరం రెండు పుస్తకాలూ బల్ల మీద పక్కపక్కన పరిచాం. ఆమె తెల్లకాగితం తీసుకుని గీతలు గీసింది. క్యాడర్ పేరు, పోస్టులు, పాయింటు, ఎప్పటినుంచి ఖాళీ. నేను చదువుతుంటే ఆమె రాసుకుంది. సాయంత్రం నా వీడ్కోలు సభకి రమ్మని అటెండరు రెండుసార్లు వచ్చి పిలిచి వెళ్లాడు. అప్పటికి మేం మూడో క్యాడర్‌లో ఉన్నాం.